డబ్బా మీద ‘దివిసీమ 1977’ అని రాసి ఉంది

2017 నవంబర్ 19 నాటికి దివిసీమ ఉప్పెన వచ్చి 40 ఏళ్ళు. ఆ రోజున వేయడానికి ఒక చానల్ 52 నిమిషాల డాక్యుమెంటరీ తలపెట్టింది. అందులో పాత ఫుటేజ్ పని నాకు అప్పగించారు. వెతకడం, దొరికింది నిజంగా అదేనా అని తేల్చుకోవడం, హక్కులు మాట్లాడటం, స్కాన్ చేయించి ఎడిట్ సూట్‌కి చేర్చడం, అన్నీ కలిపి పదకొండు నెలలు పట్టింది. చూసింది ఆరు గంటల పైచిలుకు. తెర మీదికి వెళ్ళింది 9 నిమిషాల 20 సెకన్లు.

ఈ పనిలోకి కొత్తగా వచ్చే పిల్లలు నన్ను ఎక్కువగా అడిగేది “ఫుటేజ్ ఎక్కడ దొరుకుతుంది సార్?” అని. దొరకడం కష్టమే, కాదనను. కానీ ఆ పదకొండు నెలల్లో నాకు నిద్ర లేకుండా చేసింది మాత్రం దొరికిన ఫుటేజే, మీద పేరు తప్పుగా ఉన్నది. అందుకే ఈ కేసు మొత్తం, నేను చేసిన పొరపాట్లతో సహా, రాసి పెడుతున్నాను.

లేని అల

స్క్రిప్ట్ మొదటి పేజీలో మొదటి లైను ఇది: “విజువల్: తాడిచెట్టంత అల ఊరి మీద విరుచుకుపడుతుంది.”

డైరెక్టర్ చిన్నవాడు, పనిమంతుడు. “ఈ అలని ఎవరు తీశారు?” అని అడిగాను. ఏదో ఒక ఆర్కైవ్‌లో ఉంటుంది కదండీ అన్నాడు.

లేదు. ఉండే అవకాశం కూడా లేదు. 1977 నవంబర్ 19 శనివారం. మనుషుల్ని నిలబడనివ్వని గాలి, వాన, చీకటిపడ్డ ఆకాశం. సముద్రం లోపలికి వచ్చినప్పుడు చూసినవాళ్ళు చెట్లని కావలించుకుని ఉన్నారు, కొప్పుల్లోకి, చొక్కాల్లోకి ఇసుక పోతుండగా పిల్లల్ని పట్టుకుని ఉన్నారు. ఆ లంకల్లో ఆ సమయంలో కెమెరా పట్టుకుని నిలబడ్డ మనిషి ఎవరూ లేరు. పోయినవాళ్ళు దాదాపు 10,000 అని ఒక లెక్క, 14,000 దాటారని మరో లెక్క. దూరదర్శన్ హైదరాబాద్ కేంద్రం మొదలైందే అక్టోబర్ 23న. ఉప్పెన వచ్చేనాటికి దానికి నెల కూడా నిండలేదు. దారులన్నీ తెగిపోయాయి. కెమెరాలు లోపలికి చేరేసరికి నీళ్ళు తీసేశాయి. కాబట్టి దివిసీమ గురించి మన దగ్గర ఉన్న ప్రతి కదిలే బొమ్మా ఉప్పెన తరవాతదే. ఉప్పెనది ఒక్కటి కూడా లేదు.

రెండు వారాల తరవాత డైరెక్టర్ ఫోన్‌లో ఒక క్లిప్ చూపించాడు. అద్భుతంగా ఉంది, నిజంగానే గుండె జారిపోయేలా ఉంది. 2004 డిసెంబర్ 26 నాటి సునామీది. “సముద్రం సముద్రమే కదండీ, నలుపు తెలుపు చేసి, కాస్త గీతలు వేసేస్తే ఎవరికి తెలుస్తుంది?”

క్లిప్‌ని ఆపి ఆకాశం చూపించాను. నిర్మలంగా ఉంది. నేల మీద మనుషుల నీడలు పదునుగా పడుతున్నాయి. సునామీ ఎండ కాసే పొద్దుట వచ్చింది. ఉప్పెన తుఫానుతో వస్తుంది. గాలి లేకుండా, వాన లేకుండా ఉప్పెన రాదు. దివిసీమలోని నాగాయలంకలో ఏ పెద్దాయనైనా ఆ క్లిప్ చూసి “ఆ రోజు ఎండ ఎక్కడిది?” అని అడుగుతాడు. ఆ తరవాత మనం చెప్పే ఒక్క మాటా ఆయన నమ్మడు. నమ్మకూడదు కూడా.

అల లేకుండా అల గురించి ఎలా చెప్పాలో తేలకుండానే పని మొదలుపెట్టాం. అది తేలడానికి ఏడు నెలలు పట్టింది.

ఎక్కడెక్కడ ఏముంది

అప్పటి ఘటనలకు ఫుటేజ్ నాలుగు రకాల చోట్ల ఉంటుంది.

మొదటిది ఫిల్మ్స్ డివిజన్. 1948లో పుట్టిన సంస్థ, ముంబైలో ఉండేది, 2022లో కేంద్ర ప్రభుత్వ చలనచిత్ర సంస్థ ఎన్ఎఫ్‌డీసీలో కలిసిపోయింది. వాళ్ళ న్యూస్‌రీళ్ళు సినిమా హాళ్ళలో అసలు సినిమాకి ముందు తప్పనిసరిగా వేసేవాళ్ళు. నలభై దాటిన వాళ్ళందరికీ ఆ కామెంటరీ గొంతు గుర్తుంటుంది. 35 ఎంఎం ఫిల్ము కాబట్టి బొమ్మ బాగా నిలుస్తుంది. కానీ న్యూస్‌రీలు కోసి అతికిన వస్తువు. ఒక్కో షాట్ మూడు నాలుగు సెకన్లు. పైన కామెంటరీ, సంగీతం కలిసిపోయి ఉంటాయి. ఎడిట్ చేయని రషెస్ దొరికితే బంగారం, దొరకడం అరుదు.

రెండోది టీవీ. అప్పట్లో వార్తల కెమెరా అంటే 16 ఎంఎం. నూరడుగుల రీలు, 24 ఫ్రేముల లెక్కన 2 నిమిషాల 46 సెకన్లు. కెమెరామన్ ప్రతి షాటూ కొలుచుకుని తీసేవాడు. వీడియో టేపు ఖరీదైన వస్తువు, చెరిపి మళ్ళీ వాడేవాళ్ళు. అలా పోయినవి ఎన్నో.

మూడోది విదేశీ వార్తాసంస్థలు. వీళ్ళ దగ్గర ఒక మంచి అలవాటు ఉంది. కెమెరామన్ రీలుతోపాటు ఒక కాగితం పంపేవాడు, డోప్ షీట్ అంటారు. ఏ తేదీ, ఏ ఊరు, ఏ షాట్‌లో ఎవరు అని వరసగా రాసి ఉంటుంది. ఊళ్ళ పేర్లు ఎంత వంకరగా రాసినా సరే, షాట్ తీసిన మనిషే ఆ వారంలోనే రాసిన కాగితం అది. నా దృష్టిలో దానికి ఉన్న విలువ తరవాత అతికించిన ఏ లేబుల్‌కీ లేదు.

నాలుగోది ఇళ్ళు. అటకలు, ట్రంకు పెట్టెలు, బీరువా అడుగు అరలు. దీని సంగతి వివరంగా చెప్పాలి, చెబుతాను.

స్టిల్ ఫొటోల విషయంలో ఒక్క మాట. దివిసీమ బాధితుల కోసం ఎన్టీఆర్, ఏఎన్నార్ జోలె పట్టారు. అంతకుముందు 1952లో రాయలసీమ కరువు కోసం కూడా ఎన్టీఆర్ విరాళాలు సేకరించారు. ఈ రెండు సందర్భాల ఫొటోలూ ఒకదాని బదులు ఒకటి తిరుగుతుంటాయి. మాకు వచ్చిన వాటిలో ఒకటి అలాంటిదే. మధ్యలో పాతికేళ్ళు ఉన్నాయి, ఆయన ముఖం చూస్తే చాలు. అయినా ముగ్గురి చేతులు దాటి నా దాకా వచ్చింది.

వేరే పెన్నుతో రాసిన అంకె

మార్చిలో ఒక సంస్థ నుంచి టేప్ వచ్చింది. బాక్స్ మీద తెలుగులో “దివిసీమ తుఫాను 1977” అని ఉంది. పదకొండు నిమిషాలు. అన్నీ రంగుల్లో. కూలిన ఇళ్ళు, వంగిన కరెంటు స్తంభాలు, నీళ్ళలో నడిచి వస్తున్న జనం, లారీ మీంచి పొట్లాలు అందిస్తున్న కుర్రాళ్ళు. డైరెక్టర్ ఆనందానికి అంతులేదు. మర్నాటికల్లా నాలుగు షాట్లు టైమ్‌లైన్ మీద ఉన్నాయి.

నాకు మొదట తేడా కొట్టింది రంగు. మన టీవీకి రంగు వచ్చింది 1982లో. కానీ అదొక్కటే రుజువు కాదు. విదేశీ బృందం ఎవరైనా కలర్ ఫిల్ము మీద తీసి ఉండొచ్చు, దాన్ని తరవాత టేపుకి ఎక్కించి ఉండొచ్చు. నా అసిస్టెంట్ ఆ మాటే అన్నాడు. ఆ అబ్బాయి అన్నది సబబే, కాబట్టి రుజువు వెతకాలి.

ఫిల్ము మీద తీసి టేపుకి ఎక్కించినదా, లేక పుట్టుకతోనే వీడియోనా అన్నది తేల్చడానికి ఒక సులువైన పద్ధతి ఉంది. బాగా కదులుతున్న వస్తువు ఉన్న చోట ఆపి, ఒక్కో ఫ్రేమూ జరుపుతూ చూడాలి. పాత వీడియోలో ఒక ఫ్రేము అంటే రెండు అరలు, సరి గీతలు ఒకటి, బేసి గీతలు ఒకటి. వీడియో కెమెరా ఆ రెండింటినీ రెండు వేర్వేరు క్షణాల్లో పట్టుకుంటుంది. అందుకే కదిలే చెయ్యి అంచు దువ్వెన పళ్ళలా కనిపిస్తుంది. సెకనుకి 25 ఫ్రేముల చొప్పున ఫిల్ము నుంచి ఎక్కించినదైతే రెండు అరలూ ఒకే బొమ్మలోంచి వస్తాయి, అంచు నున్నగా ఉంటుంది. పొట్లం అందిస్తున్న కుర్రాడి చెయ్యి దగ్గర ఆపాను. దువ్వెన పళ్ళు స్పష్టంగా ఉన్నాయి. అది వీడియో.

అక్కణ్ణుంచి ఒక పగలంతా ఆ పదకొండు నిమిషాలే చూశాను. ఎనిమిదో నిమిషంలో జనం వెనక, చెట్ల సందులోంచి, స్తంభాల మీద నిలబడ్డ కాంక్రీటు కట్టడం ఒకటి కనిపించింది. కింద ఖాళీ, పక్కన మెట్లు. పైన వరండా నిండా మనుషులు. కోస్తాలో పుట్టిన ఎవరికైనా అదేమిటో చెప్పక్కర్లేదు, తుఫాను షెల్టర్. తరవాత లారీ వెనక్కి తిరిగే షాట్‌లో నంబరు ప్లేటు అర సెకను కనబడుతుంది. ఏపీ 16 అని మొదలవుతోంది. జిల్లాకి అంకె ఇచ్చే ఈ పద్ధతి కొత్త మోటారు వాహనాల చట్టంతో 1989లో వచ్చింది. 1977లో మన బళ్ళకి మూడు అక్షరాల వరస ఉండేది.

ఇక బాక్స్ తీసి లేబుల్‌ని భూతద్దం కింద పెట్టి చూశాం. “దివిసీమ తుఫాను” అన్నది నీలం సిరా. “1977” అన్నది నలుపు, వేరే చేతిరాత. మొదట రాసినవాళ్ళు అబద్ధం రాయలేదు. 1990 మే 9న తీరం దాటిన తుఫాను కూడా కృష్ణా తీరాన్నే కొట్టింది. ఆ తరవాత ఎప్పుడో ఎవరో అల్మరా సర్దుతూ, దివిసీమ తుఫాను అంటే 1977 కాక ఇంకేమిటి అనుకుని అంకె చేర్చారు. మంచి ఉద్దేశంతోనే చేర్చి ఉంటారు.

ఇక్కడ డైరెక్టర్‌తో గట్టి వాదన అయింది. “ఊరదే, మనుషులు వాళ్ళే, తుఫాను తుఫానే. పదమూడేళ్ళు అటూ ఇటూ” అన్నాడు. నాకు కోపం వచ్చింది, దాచుకోలేదు. 1977లో అంతమంది పోవడానికి పెద్ద కారణం వాళ్ళు ఎక్కి నిలబడటానికి ఏమీ లేకపోవడం. ఆ షెల్టర్లు ఆ చావుల తరవాత కట్టినవి. 1990లో లక్షమందికి పైగా జనాన్ని ముందే ఖాళీ చేయించారు, చావులు వెయ్యి లోపు ఆగాయి. ఇప్పుడు మనం ఆ షెల్టర్‌ని 1977లో చూపిస్తే, వాళ్ళకి ఆసరా ఉన్నట్టు చూపించినట్టే. ఏది లేక చనిపోయారో దాన్నే వాళ్ళ వెనక నిలబెట్టినట్టు. అతను చాలాసేపు మాట్లాడలేదు. తరవాత తనే కీబోర్డ్ దగ్గరికి జరిగి నాలుగు షాట్లూ తీసేశాడు.

ఆ షెల్టర్ షాట్ చివరికి సినిమాలో ఉంది. 47వ నిమిషంలో, “మే 1990” అన్న అక్షరాలతో, ఆ తరవాత ఏం మారింది అని చెప్పే చోట. అక్కడ దాని బలం పదింతలు.

కుడి భుజం మీద పైట

ఇది నా పొరపాటు.

నలుపు తెలుపు 16 ఎంఎం రీలు ఒకటి, 1977దే అని డోప్ షీట్‌తో సహా రుజువైనది, మాకు స్కాన్ రూపంలో వచ్చింది. అందులో ఒక షాట్ 14 సెకన్లు. బడి వరండా ముందు జనం వరసగా నేల మీద కూర్చుని ఉన్నారు, గంజి వడ్డిస్తున్నారు. కెమెరా ఎడమ నుంచి మెల్లగా కదులుతూ వెళ్ళి ఒక పిల్ల దగ్గర ఆగుతుంది. పదహారు పదిహేడేళ్ళు ఉంటాయి. పిల్ల చేతిలో సత్తు గిన్నె. తినడం లేదు. కెమెరా వైపు చూసి, తల దించుకుని, పైట సర్దుకుంటుంది. నేను ఆ షాట్‌ని కనీసం రెండొందల సార్లు చూసి ఉంటాను.

డోప్ షీట్‌లో ఊరి పేరు ఉంది. కానీ బడి, దాని పక్క కాలవ గట్టు, వెనక గుడి శిఖరం, ఇవేవీ ఆ ఊరి పటంతో కలవలేదు. కెమెరామన్ పేరు తప్పు రాశాడేమో అనుకున్నాం. ఏదైనా సరే, ఊళ్ళోవాళ్ళనే అడుగుదామని ఆగస్టులో లాప్‌టాప్ పట్టుకుని నాగాయలంక మండలంలోని ఆ ఊరు వెళ్ళాం.

రామాలయం అరుగు మీద ఇరవైమంది చేరారు. గంజి షాట్ రెండోసారి వేసినప్పుడు వెనక నిలబడ్డ ఒకావిడ ముందుకొచ్చి కూర్చుంది. యాభై ఐదు దాటి ఉంటాయి. “ఇంకోపాలి వెయ్యి బాబూ” అంది. వేశాను.

“ఇది మా ఊరేనా అమ్మా?”

“బొమ్మ తిరగబడిందయ్యా” అంది.

నాకు అర్థం కాలేదు. ఆవిడ తెర మీద వేలు పెట్టి ఒక్కొక్కరినీ చూపించింది. “ఇది చూడు, ఇదీ, ఇదిగో ఈ ముసలమ్మ... అందరికీ కుడి భుజాన పైటుంది. మా ఊళ్ళో ఎవరైనా కుడి భుజాన పైటేస్తారా?”

వరసలో ఉన్న పదకొండు మంది ఆడవాళ్ళకీ పైట కుడి భుజం మీదే ఉంది. రెండొందల సార్లు చూసిన నాకు కనబడలేదు. నేను నీటి మరకలు చూశాను, గోడలు చూశాను, ఫిల్ము గీతలు చూశాను. చీరకట్టు చూడలేదు.

అక్కడికక్కడే లాప్‌టాప్‌లో బొమ్మని తిప్పాను. గుడి శిఖరం కుడి వైపుకి వచ్చింది, కాలవ గట్టు ఎడమకి. నలుగురైదుగురు ఒకేసారి “ఆఁ, ఇప్పుడు మనూరే” అన్నారు.

జరిగింది ఏమిటంటే, అది రెండు అంచుల్లోనూ రంధ్రాలున్న ఫిల్ము. ఒక అంచునే రంధ్రాలుంటే తిరగేసి ఎక్కించినప్పుడు యంత్రం ఒప్పుకోదు. రెండు వైపులా ఉంటే ఎటు ఎక్కించినా నడుస్తుంది. ఎమల్షన్, అంటే బొమ్మ పడే పూత, ఉన్న ముఖం అవతలికి పోవాల్సింది ఇవతలికి వచ్చి, కుడి ఎడమలు తారుమారయ్యాయి. బోర్డు మీద అక్షరాలున్న షాట్ ఒక్కటి ఉన్నా ముందే తెలిసేది. ఆ రీల్లో ఎక్కడా అక్షరం లేదు. అప్పటినుంచి నేను ఏ పాత రీలు చూసినా మొదట వెతికేవి అక్షరాలు, అవి లేకపోతే పైటలు, చొక్కా గుండీలు, అన్నం తినే చెయ్యి. వరస నిండా జనం ఎడమ చేత్తో తింటుంటే ఆ రీలు తిరగబడిందనే లెక్క.

ఆవిడ అప్పటికీ తెర వంకే చూస్తోంది. షాట్ చివర గిన్నె పట్టుకున్న పిల్ల దగ్గర ఆపమంది. ఆ పిల్ల తనే అంటుందనుకున్నాను. కాదు. పిల్ల వెనక, సగం చీకట్లో, తల మీద తడి తువ్వాలు వేసుకుని నిలబడ్డ కుర్రాణ్ణి చూపించింది. “మా పెద్దన్న” అంది. ఉప్పెనలో బతికి, ఆ తరవాత నెల తిరక్కుండా జ్వరంతో పోయాడట. ఇంట్లో ఫొటో ఒక్కటి కూడా లేదు. ఉన్నవన్నీ నీళ్ళు పట్టుకుపోయాయి.

అటక మీది బిస్కెట్ డబ్బా

ఇళ్ళలో వెతకాలంటే అడుగుతూ పోవడమే. సహాయానికి అప్పట్లో వెళ్ళిన డాక్టర్లు, లెక్చరర్లు, చర్చి వాళ్ళు, ఎన్ఎస్ఎస్ పిల్లలు, ఇలా జాబితా వేసుకుని ఫోన్లు చేశాం. మచిలీపట్నంలో ఒక డాక్టరుగారి కుటుంబం దగ్గర 8 ఎంఎం రీలు ఒకటి ఉందని తెలిసింది. ఆయన పోయి చాలా ఏళ్ళయింది. రీలు బిస్కెట్ డబ్బాలో, అటక మీద ఉంది.

మూత తీయగానే ముక్కు పుటాలు మండేలా పుల్లటి వాసన వచ్చింది. ఎసిటేట్ ఫిల్ము తేమకి, వేడికి కుళ్ళడం మొదలుపెడితే వచ్చే వాసన అది. అలాంటి ఫిల్ము కుంచించుకుపోతుంది, రంధ్రాల మధ్య దూరం మారిపోతుంది. ఇంట్లో ఉన్న పాత ప్రొజెక్టర్‌లో వేసి చూద్దామని ఆ కుటుంబంలోని అబ్బాయి అప్పటికే మిషన్ తుడిచి పెట్టాడు. వద్దని బతిమాలాను. ప్రొజెక్టర్ పంజా ఆ రంధ్రాల్లో పడితే పీలికలే. మీ ఇంట్లో ఇలాంటిది దొరికితే దయచేసి ఆడించి చూడకండి. చుట్ట విప్పకుండా, ప్లాస్టిక్ కవర్లో బిగించకుండా, చల్లటి పొడి చోట పెట్టి, రంధ్రాలతో పని లేకుండా అంచుల మీద నడిపే స్కానర్ ఉన్న ల్యాబ్‌కి పంపండి.

దాదాపు మూడొంతులు దక్కింది. మాకు దొరికిన 1977 దృశ్యాల్లో రంగుల్లో ఉన్నది ఇదొక్కటే. సహాయంగా వచ్చిన దుప్పట్లు ముదురు ఎరుపు. చచ్చిన గేదెల్ని ఈడుస్తున్న తాళ్ళు కొత్త కొబ్బరి తాళ్ళు, పసుపు తేరి ఉన్నాయి. మట్టి మాత్రం నల్లగా లేదు, గోధుమ రంగూ కాదు. ఉప్పు పేరుకుని, పెచ్చులుగా, తెల్లగా ఉంది. ఆ ఉప్పు నేల సంగతి ఇంటర్వ్యూల్లో ప్రతి రైతూ చెప్పాడు, మేము మాటగానే విన్నాం. చూసింది ఈ రీల్లోనే.

దీని వేగం ఇంకో సమస్య. రీలు 50 అడుగులు, అడుగుకి 80 ఫ్రేములు, మొత్తం 4,000. డాక్టరుగారి కెమెరా సెకనుకి 16 ఫ్రేముల మీద తిరిగింది. అంటే అసలు నిడివి 4 నిమిషాల 10 సెకన్లు. టీవీ లెక్కన 25 చొప్పున ఆడిస్తే 2 నిమిషాల 40 సెకన్లలో అయిపోతుంది. జనం పాత మూకీ సినిమాల్లోలా గబగబా పరిగెడతారు. శవాలు మోసుకెళ్ళేవాళ్ళు పరిగెడుతూ కనిపిస్తే చూసేవాళ్ళకి ఏమనిపిస్తుంది? ఆ మనుషుల్ని అలా చూపించే హక్కు మనకి లేదు. అందుకని ప్రతి 16 ఫ్రేముల్లో 9 ఫ్రేముల్ని రెండేసి సార్లు చూపించి 25 చేశాం. కదలికలో చిన్న అదురు మిగులుతుంది. మధ్య ఫ్రేముల్ని కంప్యూటర్ చేత ఊహింపజేస్తే నున్నగా ఉంటుందన్నారు. ప్రయత్నించి చూశాం. నీళ్ళలో దిగిన కాలు పక్కన లేని మూడో కాలు మొలిచింది. అదురే మేలని వదిలేశాం.

రంగు రీలు దొరికాక చానల్ నుంచి కొత్త ఒత్తిడి మొదలైంది. మిగతా నలుపు తెలుపు షాట్లకి కూడా రంగు వేసేస్తే అంతా ఒకేలా ఉంటుంది కదా అని. ఏ చీర ఏ రంగో నాకు తెలియదు, సాఫ్ట్‌వేర్‌కీ తెలియదు. పైగా ఒకటి నలుపు తెలుపులో, ఒకటి రంగుల్లో ఉండటమే ఎవరు తీశారో చెప్పకనే చెబుతుంది. ఇది వార్తల కెమెరా, అది ఒక డాక్టరు తన డబ్బుతో కొన్న చిన్న కెమెరా. ఆ తేడా చెరిపేయడానికి నేను ఒప్పుకోలేదు.

పాత బొమ్మ పలకలా ఉంటుంది, ఇప్పటి టీవీ వెడల్పు. నిండుగా కనబడాలని సాగదీస్తే మనుషులు లావెక్కుతారు, కత్తిరిస్తే ఎత్తులో పావు వంతు పోతుంది. ఒక షాట్‌లో గోడ మీద నీళ్ళు నిలిచిన గుర్తు చూరుకి జానెడు కింద ఉంది. కత్తిరిస్తే ముందు పోయేది ఆ గుర్తే. పక్కల నల్లగా వదిలి మొత్తం బొమ్మ చూపించాం.

శబ్దం విషయంలో మాత్రం నేను మొదట్లో మెత్తబడ్డాను. ఈ రీళ్ళన్నీ మూగవి. సౌండ్ డిజైనర్ గాలి, కాకులు, గంజి గరిటెల చప్పుడు చేర్చాడు, బాగుంది. తరవాత వెనకెక్కడో ఒక ఏడుపు చేర్చాడు. మొదటిసారి విన్నప్పుడు నాకూ కళ్ళు చెమర్చాయి. రెండు రోజుల తరవాత, ఊళ్ళో ఆవిణ్ణి తలుచుకుంటే, ఆ వరసలో ఉన్నది ఎవరి ఏడుపు అని ఆవిడ అడిగితే ఏం చెప్పాలి అనిపించింది. ఏడుపు తీయించాను. గరిటెల చప్పుడు కూడా తీయించాను. గాలి ఒక్కటి ఉంచాం, సన్నగా.

సంతకాలు, సెకన్లు

సర్కారు తీసిన ఫుటేజ్ కాబట్టి ఫ్రీ అని చాలామంది అనుకుంటారు. మన కాపీరైట్ చట్టంలో అలా లేదు. ప్రభుత్వం తీసినా, ప్రైవేటువాళ్ళు తీసినా సినిమాకి విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్ళు రక్షణ ఉంటుంది. 1977లో విడుదలైన న్యూస్‌రీలుకి 2037 చివరిదాకా. ఇంటర్నెట్‌లో కనబడినంత మాత్రాన అది ఎవరిదీ కాకుండా పోదు.

మేము మాట్లాడిన ఒక సంస్థ ఎంత తక్కువ వాడినా 30 సెకన్లకి బిల్లు వేస్తుంది. అందుకే ఎడిట్ లాక్ అయ్యాకే, అంటే ఇక మార్పులు ఉండవని ఖాయమయ్యాకే, మాస్టర్ కాపీ అడగాలి. అప్పటిదాకా ప్రతి ఫ్రేము సమయం చూపే టైమ్‌కోడ్ అచ్చేసిన ప్రివ్యూ కాపీలతోనే నడిపించాలి. మేము ఇండియా టీవీకి ఐదేళ్ళ హక్కులు తీసుకున్నాం, డబ్బు లేక. తరవాత ఓటీటీకి వెళ్ళాలన్నప్పుడు మళ్ళీ అందరి దగ్గరికీ వెళ్ళాల్సి వచ్చింది, రేటు పెరిగింది. ముందే ఓటీటీకి కూడా ఎంతవుతుందో ఒప్పందంలో రాయించుకుని ఉంటే సరిపోయేది. అప్పుడే డబ్బు కట్టక్కర్లేదు, రేటు మాత్రం ఖాయమవుతుంది.

డాక్టరుగారి రీలుకి ఎవరూ డబ్బు అడగలేదు. అయినా ఎక్కువ కాలం పట్టింది దానికే. రీలు ఎవరి అటక మీద ఉంటే హక్కు వాళ్ళొక్కరిదే కాదు. తీసిన మనిషి పోతే వారసులందరిదీ. ముగ్గురు పిల్లలు, ఒకామె న్యూజెర్సీలో. ఆమె సంతకానికి ఆరు వారాలు పట్టింది. ఆమెకి అభ్యంతరమేమీ లేదు. నాన్న తీసిన బొమ్మ చూశాకే సంతకం పెడతానంది. స్కాన్ అయ్యాక లింక్ పంపితే, రాత్రంతా చూశానని పొద్దున్నే ఫోన్ చేసింది. రీల్లో ఎక్కడా ఆయన కనబడరు. ఒక్క చోట మాత్రం ఆయన నీడ, కెమెరా పట్టుకున్న మోచేతులు, ఉప్పు నేల మీద పడి ఉంటాయి. ఆ ఫ్రేము అడిగి తీసుకుంది.

ప్రోమో

ప్రసారానికి ఐదు రోజుల ముందు ప్రోమో వచ్చింది. అందులో 1990 టేపు షాట్లు మూడు, తేదీ లేకుండా, “ఆ కాళరాత్రి” అన్న గొంతు కింద. ప్రోమో చేసేది వేరే టీమ్. వాళ్ళకి సర్వర్‌లో పాత ఫోల్డర్ దొరికింది. ఫోల్డర్ పేరు “దివిసీమ 1977 కలర్”. ఆ పేరు పెట్టింది మేమే, మార్చిలో, తేల్చుకోకముందు. షాట్లు టైమ్‌లైన్ లోంచి తీశాం కానీ ఫోల్డర్ పేరు మార్చలేదు.

అవనిగడ్డ నుంచి ఒకాయన ఫోన్ చేసి, “అది తొంభై తుఫానండీ, ఆ షెల్టర్‌లో మా కుటుంబం తలదాచుకుంది” అన్నారు. ఆ టెన్షన్ ఇప్పటికీ గుర్తుంది. నాలుగు గంటల్లో ప్రోమో ఆపించి, షాట్లు మార్చి, ఆయనకి ఫోన్ చేసి తప్పు ఒప్పుకున్నాం. అప్పటినుంచి నా దగ్గర తేల్చని ఫుటేజ్‌కి సంవత్సరం పేరు ఉండదు. ‘తేలనిది’ అని, వచ్చిన తేదీ, ఇచ్చినవాళ్ళ పేరు, అంతే. రుజువు దొరికాకే సంవత్సరం పడుతుంది, దాని పక్కన ఆ రుజువేమిటో ఒక్క లైను కూడా పడుతుంది. టేపు పంపిన సంస్థకి కూడా నంబరు ప్లేటు ఫ్రేము జతచేసి ఉత్తరం రాశాను. వాళ్ళు లేబుల్ మార్చి, కొత్త బాక్స్ ఫొటో తీసి పంపారు.

సినిమా మొదలు మాత్రం ఇలా తేలింది. తెర నల్లగా ఉంటుంది, 70 సెకన్లు. బతికిన ముగ్గురి గొంతులు, ఒకరి తరవాత ఒకరు. తరవాత మొదటి బొమ్మ, గోడ మీద చూరుకి జానెడు కింద నీటి గీత. చానల్ వాళ్ళు 70 సెకన్ల నల్ల తెర అంటే రిమోట్ నొక్కేస్తారని భయపడ్డారు, 40కి తగ్గించమన్నారు. డైరెక్టర్ ఒప్పుకోలేదు. ఆ మాట నేను అనకముందే అతను అన్నాడు.

ఊళ్ళో ఆవిడ అన్నగారి బొమ్మ అడిగింది. లైసెన్స్ ప్రకారం ఆ షాట్ కాపీ బయటి మనిషికి ఇచ్చే హక్కు మాకు లేదు. ఆర్కైవ్‌కి రాశాను, సంగతంతా వివరంగా. పన్నెండు రోజులకి జవాబు వచ్చింది: ఒక స్టిల్, ఇంట్లో పెట్టుకోవడానికి, రుసుము లేకుండా. 14 సెకన్ల షాట్‌లో అతని ముఖం తువ్వాలు నీడలోంచి బయటికి వచ్చేది ఆరు ఫ్రేముల్లోనే. ఆరూ ప్రింట్ తీయించి, నవంబర్‌లో వెళ్ళినప్పుడు పట్టుకెళ్ళాను. ఆవిడ వాటిని అరుగు మీద వరసగా పరిచి, నాలుగోది తీసుకుంది.